ఎక్కువ పాయింట్లు కొడితే త్వరగా అరిగిపోతారా? కోబీ బ్రయంట్ 20 సీజన్ల లెక్క

మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. మీ అబ్బాయికి పదహారేళ్లు. ఈమధ్య స్కూళ్ల బాస్కెట్‌బాల్ టోర్నమెంటులో ఒకే మ్యాచ్‌లో 38 పాయింట్లు కొట్టాడు. కోబీ బ్రయంట్ అంటే ప్రాణం. ఇంత చిన్న వయసులో ఇలా ఆడితే మోకాళ్లు పోతాయని, పాతికేళ్లకే ఆట మానేయాల్సి వస్తుందని చుట్టాలు మిమ్మల్ని భయపెడుతున్నారు. మరి 81 పాయింట్లు కొట్టిన కోబీ 20 సీజన్లు ఎలా ఆడగలిగాడని మీరు అడిగారు. వాడికి కోబీ మ్యాచ్ ఒక్కటే చూపించాలంటే ఏది చూపించాలని కూడా అడిగారు.

నేను యూనివర్సిటీ జట్టుకు ఆడాను. ఆ తర్వాత 22 ఏళ్లుగా పిల్లలకు బాస్కెట్‌బాల్ నేర్పుతున్నాను. డాక్టరుని కాను. కాబట్టి ఇప్పటికే నొప్పి ఉంటే నా మాటలతో సరిపెట్టుకోకుండా స్పోర్ట్స్ డాక్టరుకో ఫిజియోకో చూపించండి. మిగతాది నేను చూసినదాన్ని బట్టి చెబుతాను.

పాయింట్లు కొట్టడం వల్ల మోకాళ్లు అరగవండి. ఎన్ని నిమిషాలు ఆడాడు, ఎన్నిసార్లు ఎగిరాడు, మధ్యలో ఎంత విశ్రాంతి దొరికింది అన్నవాటిని బట్టి అరుగుతాయి. చాలామంది ఈ రెండింటినీ ఒకటే అనుకుంటారు. పాయింట్లు స్కోర్‌బోర్డు మీద కనిపిస్తాయి, నిమిషాలు ఎవరికీ కనిపించవు. అదే గొడవంతా.

2006 జనవరి 22న కోబీ టొరంటో మీద 81 కొట్టాడు. మనకు అది సోమవారం ఉదయం. అప్పటికి ఎన్బీఏలో, అంటే అమెరికా ప్రొఫెషనల్ బాస్కెట్‌బాల్ లీగ్‌లో, అంతకంటే పెద్ద స్కోరు ఒక్కటే ఉంది, 1962లో విల్ట్ చాంబర్లిన్ కొట్టిన 100. ఆ 81 ఎలా వచ్చాయో విడదీసి చూడండి. 46 షాట్లు వేస్తే 28 పడ్డాయి. అందులో త్రీ పాయింటర్లు, అంటే దూరం నుంచి వేసే మూడు పాయింట్ల షాట్లు, 13కి 7. ఫ్రీ త్రోలు 20కి 18. అంటే 18 పాయింట్లు గీత దగ్గర నిలబడి, ఎవరూ మీద పడకుండా, ఊపిరి పీల్చుకుంటూ కొట్టినవి. హాఫ్ టైమ్‌కి కోబీ జట్టు లేకర్స్ 14 పాయింట్లు వెనకబడి ఉంది, కోబీ అప్పటికి కొట్టింది 26. రెండో సగంలో 55 కొట్టాడు. ఆడింది 42 నిమిషాలు. ఆ సీజన్ మొత్తంలో అతని సగటే 41 నిమిషాలు. అంటే శరీరం వరకు ఆ రాత్రి మామూలు రాత్రే.

దానికి నెల రోజుల ముందు, 2005 డిసెంబర్ 20న, డల్లాస్ మీద ఇంకో మ్యాచ్ ఉంది. నాకు 81 కంటే అదే ఎక్కువ ఇష్టం. మూడు క్వార్టర్లు అయ్యేసరికి కోబీ ఒక్కడివే 62. డల్లాస్ జట్టు మొత్తానికి 61. నాలుగో క్వార్టర్ అంతా కోబీ బెంచ్ మీదే కూర్చున్నాడు. మ్యాచ్ గెలిచేశారు, ఇంక ఆడాల్సిన పని లేదు. 33 నిమిషాల్లో 62 పాయింట్లు! మీ చుట్టాలు చెప్పే లెక్క ప్రకారమైతే అది అతి ప్రమాదకరమైన మ్యాచ్. నిజానికి ఆ సీజన్‌లో అతని శరీరానికి అతి తక్కువ పని పడిన రాత్రుల్లో అదొకటి.

ఇప్పుడు అతని శరీరం నిజంగా అరిగిన మ్యాచ్‌లకి వస్తాను.

2012-13 సీజన్‌లో కోబీకి 34 ఏళ్లు. హైస్కూల్ నుంచి నేరుగా 18 ఏళ్లకే ఎన్బీఏలోకి వచ్చాడు కాబట్టి అది అప్పటికే 17వ సీజన్. పైగా అయిదు టైటిళ్లు గెలిచిన ప్లేఆఫ్ మ్యాచ్‌లన్నీ (సీజన్ చివర టైటిల్ కోసం ఆడేవి) కాళ్ల మీద ఉన్నాయి. లేకర్స్‌లో ఆ ఏడాది డ్వైట్ హోవార్డ్, స్టీవ్ నాష్ లాంటి స్టార్లు కూడా ఉన్నా జట్టు కుదరలేదు. ప్లేఆఫ్‌లోకి చివరి స్థానంలో అయినా దూరితే చాలన్న పరిస్థితి వచ్చింది. ఆ టెన్షన్‌లో చివరి రెండు వారాలు కోబీ దాదాపు ప్రతి మ్యాచ్‌లో 40 నిమిషాలు దాటి ఆడాడు. ఏప్రిల్ 9న ఒక మ్యాచ్. మర్నాడే పోర్ట్‌లాండ్ వెళ్లి ఇంకో మ్యాచ్. ఆ పోర్ట్‌లాండ్ మ్యాచ్‌లో 48 నిమిషాలకు 48 నిమిషాలూ ఆడాడు, ఒక్క సెకను కూడా కూర్చోలేదు. 47 పాయింట్లు, 8 రీబౌండ్లు (పడని షాట్ల బంతిని అందుకోవడం), 4 బ్లాకులు (ఎదుటివాడి షాట్‌ని ఆపడం). మర్నాడు పేపర్లన్నీ పొగిడాయి. నేనూ మా పిల్లలకు చూపించి పొగిడాను. ఇప్పుడు తలుచుకుంటే బాధేస్తుంది.

ఒక్క రోజు విరామం తర్వాత, ఏప్రిల్ 12న గోల్డెన్ స్టేట్‌తో మ్యాచ్. ఆ మ్యాచ్‌లోనే ముందు ఒకసారి మోకాలు వెనక్కి వంగిపోయింది, ఇంకోసారి చీలమండ మడత పడింది. రెండుసార్లూ లేచి ఆడాడు. నాలుగో క్వార్టర్‌లో ఇంకా మూడు నిమిషాల పైన ఉందనగా డిఫెండర్‌ని దాటబోయాడు. ఎప్పుడూ చేసే కదలికే, అంతకు ముందు లక్షసార్లు చేసి ఉంటాడు. మడమ వెనక ఉండే అకిలిస్ టెండన్ తెగిపోయింది. ఫౌల్ ఇచ్చారు. తెగిన కాలితో గీత దగ్గరికి నడిచి రెండు ఫ్రీ త్రోలూ వేసి స్కోరు సమం చేసి, అప్పుడు లోపలికి వెళ్లిపోయాడు. అప్పటికి అతను కొట్టింది 34. జట్టు గెలిచింది, ప్లేఆఫ్‌కీ వెళ్లింది. మొదటి రౌండ్‌లోనే నాలుగు మ్యాచ్‌లూ ఓడిపోయింది.

ఆ గాయం తర్వాత అతను ఇంకా మూడు సీజన్లు ఉన్నాడు. మొదటి సీజన్‌లో 6 మ్యాచ్‌లు, మోకాలి ఎముక విరిగింది. రెండో దాంట్లో 35, భుజం చిరిగింది. మూడో దాంట్లో 66. మూడు సీజన్లలో రావాల్సిన 246 మ్యాచ్‌లకు 107 ఆడాడు. అందుకే 20 సీజన్లు అంటున్నా, మనం చూసిన అసలైన కోబీ 17 సీజన్ల కోబీ.

టెండన్ సంగతి కొంచెం చెప్పాలి, ఎందుకంటే మీ అబ్బాయి వయసుకీ ఇది వర్తిస్తుంది. కండరానికి రక్తం బాగా అందుతుంది. అది త్వరగా బలపడుతుంది, త్వరగా కోలుకుంటుంది. టెండన్‌కి రక్తం తక్కువ, అది నిదానంగా మారుతుంది. అకిలిస్‌కైతే మడమకు కొన్ని సెంటీమీటర్ల పైన రక్తం మరీ తక్కువ, ఎక్కువగా తెగేది కూడా అక్కడే. ఎదిగే పిల్లల్లో ఇంకో తంటా ఉంది. ఎముక ముందు పొడుగవుతుంది, కండరం, టెండన్ వెనకబడతాయి. అందుకే ఒక్క ఏడాదిలో పొడుగు సాగిన పిల్లలకు మోకాలి చిప్ప కింద నొప్పి మొదలవుతుంది. ఊపిరి బాగానే ఉంటుంది, కాళ్లలో బలం ఉన్నట్టే ఉంటుంది, పిల్లాడు ఇంకా ఆడతానంటాడు. టెండన్ మాత్రం అప్పటికే చాలంటుంది. అది నోరు తెరిచి చెప్పదు, మర్నాడు పొద్దున మంచం దిగేటప్పుడు చెబుతుంది.

నా దగ్గర ఒక కుర్రాడు ఉండేవాడు. పదిహేడేళ్లు, ఆరడుగుల రెండంగుళాలు. ఒక టోర్నమెంటులో నిర్వాహకులు మ్యాచ్‌లన్నీ రెండు రోజుల్లో ముగించాలని రోజుకు మూడు పెట్టారు. సిమెంట్ కోర్టు, మే నెల ఎండ. మోకాలు నొప్పిగా ఉందని రెండో రోజు పొద్దునే చెప్పాడు. నేను స్ప్రే కొట్టి ఆడించాను. ఫైనల్లో 31 కొట్టాడు, కప్పు గెలిచాం. ఆ తర్వాత ఎనిమిది నెలలు వాడు సరిగ్గా ఎగరలేకపోయాడు, రాష్ట్ర జట్టు సెలక్షన్లు పోయాయి. ఆ 31 పాయింట్లు వాడిని పాడుచేయలేదు. రెండు రోజుల్లో ఆరు మ్యాచ్‌లు ఆడించిన నా నిర్ణయం పాడుచేసింది. అప్పటి నుంచి ప్రతి పిల్లాడి నిమిషాలూ నోటు పుస్తకంలో రాస్తున్నాను.

ఎక్కువ స్కోర్లకీ ఎక్కువ కాలం ఆడటానికీ ఉన్న సంబంధం ఏమిటో తెలియాలంటే కరీమ్ అబ్దుల్ జబ్బార్‌ని చూడాలి. 20 సీజన్లు, 1,560 మ్యాచ్‌లు, 38,387 పాయింట్లు. కెరీర్ మొత్తం పాయింట్లలో 1984లో అందుకున్న రికార్డు 2023 ఫిబ్రవరి దాకా, దాదాపు 39 ఏళ్లు ఆయన పేరు మీదే ఉంది. అంత కొట్టిన మనిషి ఒక్క మ్యాచ్‌లో అత్యధికంగా కొట్టింది ఎంతో తెలుసా? 55. జీవితంలో ఒక్కసారి కూడా 60 చేరలేదు! ఆయన ఆయుధం స్కైహుక్. పక్కకు తిరిగి, ఒక్క చేత్తో, తల మీదుగా వదిలే షాట్. దానికి గట్టిగా ఎగరక్కర్లేదు, ఎవరినీ ఢీకొట్టక్కర్లేదు, ఎదుటివాడి చెయ్యి అందదు. 38 ఏళ్ల వయసులో 1985 ఫైనల్స్ మొదటి మ్యాచ్‌లో 12 పాయింట్లే కొట్టి అందరి చేతా మాటలు పడ్డాడు. రెండో మ్యాచ్‌లో 30 పాయింట్లు, 17 రీబౌండ్లు. చివరికి ఫైనల్స్ ఉత్తమ ఆటగాడు ఆయనే. మన యోగా ఏళ్ల తరబడి చేశాడు, అన్నేళ్లు ఆడటానికి అదే కారణమని ఆయనే చెప్పుకున్నాడు. నేను పిల్లలకు యోగా చేయించేటప్పుడు విసుక్కుంటే కరీమ్ పేరు చెబుతాను, వెంటనే పని చేస్తుంది.

విల్ట్ చాంబర్లిన్ దీనికి పూర్తిగా వేరే ఉదాహరణ. 100 కొట్టిన ఆ 1961-62 సీజన్‌లో ఆయన సగటు 50.4 పాయింట్లు, 48.5 నిమిషాలు. మ్యాచే 48 నిమిషాలు కదా అంటారేమో, ఓవర్‌టైములు కూడా వదలకుండా ఆడాడు కాబట్టి అలా వచ్చింది. నా సిద్ధాంతం ప్రకారం ఆయన అయిదేళ్లలో అయిపోవాలి. కానీ 14 సీజన్లు ఆడాడు. అలాంటి శరీరాలు ఒకటో రెండో ఉంటాయి, వాటిని చూసి మన పిల్లలకు లెక్క వేయకూడదు. అయినా ఆయన దగ్గర నేర్చుకోవాల్సింది ఒకటుంది. చివరి సీజన్ 1972-73లో ఆయన సగటు 13.2 పాయింట్లే. వేసిన షాట్లలో నూటికి 72 పైనే పడ్డాయి. పాయింట్ల పిచ్చి వదిలేసి రీబౌండ్లు, డిఫెన్స్ చూసుకున్నాడు. ఒకప్పుడు మ్యాచ్‌కి 50 కొట్టిన మనిషికి అది ఎంత కష్టమో ఆలోచించండి.

లెబ్రాన్ జేమ్స్ 2025-26లో 23వ సీజన్‌లోకి వచ్చాడు, అంతకు ముందు ఎన్బీఏలో ఎవరూ అన్ని సీజన్లు ఆడలేదు. ఒక మ్యాచ్‌లో అత్యధికం 61, 2014 మార్చిలో, విరిగిన ముక్కుకి మాస్కు పెట్టుకుని కొట్టాడు. కరీమ్ రికార్డు దాటిన రోజు 38 కొట్టాడు. 40 ఏళ్లు నిండాక 2025 ఫిబ్రవరిలో గోల్డెన్ స్టేట్ మీద 42. అయితే నాకు ఎక్కువగా గుర్తుండేది 2025 డిసెంబర్ 4, టొరంటోలో. 2007 జనవరి నుంచి ఆడిన ప్రతి లీగ్ మ్యాచ్‌లోనూ 10కి తగ్గకుండా కొడుతూ వచ్చాడు, వరసగా 1,297 మ్యాచ్‌లు. ఆ రోజు చివరి సెకన్లలో స్కోరు సమం, బాల్ లెబ్రాన్ చేతిలో ఉంది, అతనివి 8 పాయింట్లే. ఒక్క బుట్ట వేస్తే ఆ వరస నిలుస్తుంది. మూలన ఖాళీగా ఉన్న తోటి ఆటగాడు రూయి హచిమురాకి పాస్ ఇచ్చాడు. అతను త్రీ వేశాడు, మ్యాచ్ గెలిచారు, వరస తెగింది.

ఆ వరసలో అంతకు ముందు రికార్డు మైకేల్ జోర్డాన్‌ది, 866 మ్యాచ్‌లు. 2001 డిసెంబర్ 27న ఇండియానా మీద 6 పాయింట్లే కొట్టడంతో అది ఆగింది. అప్పటికి ఆయనకు 38 ఏళ్లు. ముసలాడైపోయాడని అందరూ అన్నారు. రెండు రోజుల తర్వాత షార్లెట్ మీద 51 కొట్టాడు. వయసు మీద పడ్డ ఆటగాడికి ఒక్క పెద్ద రాత్రి దొరకడం కష్టం కాదని దీన్నిబట్టి తెలుస్తుంది. కోబీ కూడా అంతే. 2016 ఏప్రిల్ 13న, 37 ఏళ్ల వయసులో, చివరి మ్యాచ్‌లో యూటా మీద 60 కొట్టాడు. మనకు గురువారం పొద్దున. ప్రాక్టీసు అయ్యాక పిల్లలూ నేనూ అందరం ఒక్క ఫోను చుట్టూ చేరి చూశాం. 50 షాట్లు వేస్తే 22 పడ్డాయి. నాలుగో క్వార్టర్‌లోనే 23. కళ్లనీళ్లు పెట్టుకున్నాను. కానీ ఆ సీజన్‌లో లేకర్స్ గెలిచింది 17 మ్యాచ్‌లు, ఓడింది 65. పెద్ద వయసులో కష్టమైంది ఏమిటంటే ఆ ఒక్క రాత్రి తర్వాత మర్నాడూ, ఆ మర్నాడూ లేచి పరిగెత్తడం.

కాబట్టి మీ అబ్బాయిని షాట్లు తగ్గించమని చెప్పకండి. ఆ వయసులో వేయాలన్న తపన ఉండటం మంచిదే, అది పోతే తిరిగి తేలేం. మీరు చూడాల్సినవి వేరే. ముందు ఆ 38 ఎలా వచ్చాయో వాడినే కూర్చోబెట్టి రాయించండి. ఫ్రీ త్రోలు ఎన్ని, ఆగి వేసిన షాట్లు ఎన్ని, మనుషుల్లోకి దూరి పడుతూ లేస్తూ వేసినవి ఎన్ని? 38లో ముప్పై దూరి వేసినవే అయితే వాడికి ఇంకో షాటు నేర్పాల్సిన సమయం వచ్చినట్టే. కోబీ 2009 వేసవిలో, అప్పటికే నాలుగు టైటిళ్లు గెలిచాక, పాత తరం స్టార్ హకీమ్ ఒలాజువాన్ దగ్గరికి వెళ్లి బుట్టకు వీపు పెట్టి ఆడటం, కాళ్ల కదలిక మళ్లీ నేర్చుకున్నాడు. ఆ డిసెంబర్‌లో కుడి చూపుడు వేలు విరిగితే కట్టు కట్టుకుని, బాల్ వదిలే పద్ధతే మార్చుకుని ఆ సీజనంతా ఆడాడు. 31 ఏళ్లకు అతను నేర్చుకోగలిగితే పదహారేళ్లకు మీవాడు నేర్చుకోలేడా?

వారంలో ఎన్ని నిమిషాలు ఆడుతున్నాడో మీరు రాసిపెట్టండి. స్కూలు ప్రాక్టీసు, అకాడమీ, సాయంత్రం ఫ్రెండ్స్‌తో ఆడేది, అన్నీ కలిపి. చాలామంది తల్లిదండ్రులు మొదటి రెండే లెక్క వేస్తారు. ఆ మూడోదే ఒక్కోసారి అన్నిటికంటే ఎక్కువ ఉంటుంది, అదీ గట్టి సిమెంటు మీద. ఎన్బీఏలో ఆడేది చెక్క నేల మీద, అది కాస్త సాగి ఊరటనిస్తుంది. మన పిల్లలకు ఆ అదృష్టం తక్కువ, కాబట్టి ఎగిరే పని ఇంకా తగ్గించాలి. వారంలో ఒక రోజు బాల్ ముట్టుకోకూడదు. ఎన్బీఏలోనే 2017-18 నుంచి అయిదు రాత్రుల్లో నాలుగు మ్యాచ్‌లు పెట్టడం మానేశారు. కోట్లు సంపాదించే మనుషులకే కుదరదనుకున్నది మన పిల్లలకు ఎందుకు పెట్టాలి? ఒకే రోజు మూడో మ్యాచ్ ఉంటే మీరు వెళ్లి కోచ్‌తో మాట్లాడండి. మొహమాటపడకండి. నా దగ్గరికి అప్పట్లో ఒక తండ్రి వచ్చి అలా మాట్లాడి ఉంటే ఆ కుర్రాడి సెలక్షన్లు పోయేవి కావు.

ఎగరడం అందరూ నేర్పుతారు, దిగడం నేర్పేవాళ్లు తక్కువ. రెండు కాళ్ల మీద, మోకాళ్లు వంచి, చప్పుడు లేకుండా దిగాలి. నా ప్రాక్టీసులో మొదటి పది నిమిషాలు అదే. ఆట మర్నాడు పొద్దున మెట్లు దిగేటప్పుడు మోకాలి కింద నొప్పి ఉందా అని రోజూ అడగండి. ఉంటే ఆ రోజు షూటింగ్ మాత్రమే, ఎగరడం వద్దు. వారం దాటినా అలాగే ఉంటే డాక్టరు. స్ప్రే కొట్టుకుని ఆడటం మాత్రం మీ ఇంట్లో నిషేధించండి.

కోబీ తెల్లవారుజామున నాలుగింటికి ప్రాక్టీసు చేసేవాడన్న కథలు విని మీవాడు కూడా అలారం పెట్టుకునే ఉంటాడు. రాత్రి ఎనిమిదింటికి పడుకుంటే పెట్టుకోమనండి. పదకొండింటి దాకా హోంవర్కు చేసి నాలుగింటికి లేస్తే ఎదిగే శరీరానికి దక్కేది అయిదు గంటల నిద్ర. ఆ అయిదు గంటలతో టెండన్ కోలుకోదు.

ఇక ఏ మ్యాచ్ చూపించాలి అన్నారు. 81 ఎలాగూ వాడు చూసే ఉంటాడు. మీరు 2010 జూన్ 17న జరిగిన మ్యాచ్ చూపించండి, ఫైనల్స్ ఏడో మ్యాచ్, లేకర్స్, బోస్టన్. కోబీ ఆ రోజు 24 షాట్లు వేస్తే 6 మాత్రమే పడ్డాయి. మూడో క్వార్టర్‌లో జట్టు 13 పాయింట్లు వెనకబడింది. షాట్ పడని ఆ రాత్రి కోబీ 15 రీబౌండ్లు తీశాడు, గీత దగ్గర 11 ఫ్రీ త్రోలు వేశాడు. చివరి నిమిషం దగ్గర బాల్ తన దగ్గరుంటే తోటి ఆటగాడు రాన్ ఆర్టెస్ట్‌కి ఇచ్చాడు, అతను త్రీ వేశాడు. 83-79తో గెలిచారు, కోబీకి అది అయిదో టైటిల్. మీరూ పక్కన కూర్చుని చూడండి. వాడితో ఒక కాగితం మీద కోబీ రీబౌండ్లు ఒక్కొక్కటీ గీత గీయించండి, ప్రతి దానికీ అతను బుట్టకు ఎంత దూరం నుంచి పరిగెత్తి వచ్చాడో చెప్పమనండి. పదిహేను గీతలు అయ్యాక వాడు ఏమన్నాడో వీలైతే నాకు రాయండి.